మేయర్‌గారి ఎర్రగీత

యలోవెట్స్ మేయర్ గెంచో ట్రిఫొనొవ్‌కి పాత కట్టడాలంటే ప్రాణం. కాకపోతే అవి కాస్త కొత్తగా ఉండాలి.

ఊరి చివర, డాన్యూబ్ నది ఒడ్డున, రోమన్ల కోట ఒకటి ఉంది. ఉంది అంటే గోడల మొదళ్ళు ఉన్నాయి. ఒకచోట మోకాలెత్తు, ఒకచోట చీలమండ ఎత్తు, ఇంకోచోట పునాది రాయి తప్ప ఏమీ లేదు. నది అవతలి వాళ్ళని ఆపడానికి కట్టిన గోడ ఇంత పొట్టిగా ఉందేమిటని బడిపిల్లలు అడిగితే, "మిగతాది ఎక్కడికీ పోలేదు నాన్నా, మీ ఇళ్ళలోనే ఉంది" అనేది స్తానిమిరా. మాట అబద్ధం కాదు. ఊళ్ళో ఏ బావి గట్టు చూసినా, ఏ సారా బట్టీ చూసినా చక్కగా చెక్కిన రోమన్ రాళ్ళే. మేయర్‌గారి తాత కట్టించిన పందుల దొడ్డిలో అయితే ఒక రాతిమీద పటాలం పేరు కూడా ఉంది, తలకిందులుగా. పందులకి చదువు రాదు కాబట్టి ఎవరికీ ఇబ్బంది కలగలేదు.

స్తానిమిరా ఊరి మ్యూజియంలో పురావస్తు పరిశోధకురాలు. మ్యూజియం అంటే రెండు గదులు, ఒక కట్టెల పొయ్యి, ఆవిడ. వేసవి వస్తే కోటలో మోకాళ్ళమీద ఉండేది. గోడని మట్టిలోంచి తాపీతో, కుంచెతో, అవసరమైతే వంటింటి చెంచాతో బయటికి తీసింది ఆవిడే. ఏ రాయి ఎక్కడ పగిలిందో, ఏ రాతికింద కప్ప కాపురం ఉందో ఆవిడకి తెలుసు. "నీకు నేను కావాలా, ఆ గోడ కావాలా?" అని మొగుడు ఒకసారి అడిగాడు. ఆవిడ కాసేపు ఆలోచించింది. అలా ఆలోచించడమే తప్పయిపోయింది. ఆయన ఇప్పుడు వార్నాలో, సముద్రం పక్కన, గోడల్లేని చోట ఉంటున్నాడు.

ఇలా ఉండగా బ్రస్సెల్స్ నుంచి, పాత కట్టడాలు బాగుచేసుకొమ్మని, కోటకి డబ్బులొచ్చాయి. డబ్బులొస్తే మా దేశంలో ఏమవుతుందో అదే అయింది: కోటకి బురుజులు మొలిచాయి.

ప్లాను గీసినవాడు లాచెజార్. చదివింది ఈతకొలనులు కట్టడం, చేసుకున్నది మేయర్‌గారి అమ్మాయిని. రెండో అర్హతే ఇక్కడ పనికొచ్చింది. గోడ అసలు ఎంత ఎత్తుండేదో ఎవరికీ తెలియదని స్తానిమిరా చెప్తే, "తెలియదు కాబట్టే మన ఇష్టం కదండీ ఆంటీ" అన్నాడు. తెల్లటి కొత్తరాళ్ళు లారీల్లో దిగాయి. గోడమీద, చదరంగంలో బురుజులా ఉండే ఏనుగు పావు తలమీద ఉంటాయే, అలాంటి పళ్ళు పెట్టించాడు. దూరం నుంచి చూస్తే కోట కట్టుడుపళ్ళ సెట్టులా ఉండేది.

స్తానిమిరా అన్నింట్లోనూ ఓడిపోయింది, ఒక్కదాంట్లో తప్ప. ఈ పనిలో ఒక పద్ధతి ఉంది. పాతగోడమీద కొత్తగోడ లేపితే, పాతది ఎక్కడ ఆగిందో అక్కడ ఎర్ర ఇటుక ముక్కలతో సన్నటి గీత పొదుగుతారు. గీత కింద ఉన్నది వాళ్ళది, పైనున్నది మనది. అంతే. చూసేవాడికి చదువు అక్కర్లేదు, కళ్ళుంటే చాలు. గీత సరిగ్గా ఉంటే పైన ఎంత వేషం వేసినా ఎవరూ మోసపోరని స్తానిమిరా నమ్మకం. గీత లేకపోయినా, తప్పుచోట ఉన్నా, కొన్నేళ్ళకి నాచు పట్టి రెండూ ఒకే రంగుకి వస్తాయి. అప్పుడు ఏది నిజమో చెప్పడం ఆవిడ వల్ల కూడా కాదు. తను బతుకంతా కూచుని తవ్విందీ, మేయరు అల్లుడు లారీలో తెప్పించిందీ ఒకటైపోతాయి.

అందుకని తాపీమేస్త్రీ మిన్కోని పక్కన కూచోబెట్టుకుని గీత పొదిగించింది. మిన్కో ముసలాడు, చెయ్యి మంచిది, నోరు మంచిది కాదు. గీత అసలు గోడ ఎలా మిగిలిందో అలాగే సాగింది. మోకాలి దగ్గర మొదలై, కిందికి జారి, మళ్ళీ లేచి, ఉత్తరం వైపు ఒకచోట నేలదాకా దిగిపోయింది.

గీత పూర్తయిన రోజు మధ్యాహ్నం మేయర్ వచ్చాడు, చేతిలో కాల్చిన కైమా కెబాప్చె పెట్టిన రొట్టె, గడ్డంమీద ఆవాల పచ్చడి.

"ఇదేంటి స్తానిమిరా గారూ, తాగినవాడు ఇంటికెళ్ళినట్టుంది?"

"గోడ అలాగే మిగిలింది మేయర్ గారూ."

"ఇక్కడ మరీ నేలమీద పడుకుందేం?"

"ఇక్కడి రాళ్ళు తవ్వుకుపోయారు. మీ తాతగారి పందుల దొడ్డి..."

"మా తాత పోయాడు, ఆయన్నెందుకు లేపుతావు!" మేయర్ రొట్టె కొరికాడు. "మరి ఇక్కడ ఈ పలకరాయి ఒక్కటీ వదిలేశాడేం మా తాత?"

"అది కాలువ అడుగురాయి. సిపాయిల గదుల్లో నీళ్ళన్నీ ఇక్కడి నుంచే గోడకిందుగా నదిలోకి పోయేవి. ఇక్కడొక తూము వదలమని మీ అల్లుడికి చెప్పాను. మూసేశాడు."

పక్కనే ఉన్న లాచెజార్ నల్లకళ్ళజోడు నుదుటిమీదికి తోశాడు. "మురుగు కన్నం ఫొటోల్లో బావుండదు ఆంటీ."

"వాన పడితే నీళ్ళెటు పోతాయి నాయనా?"

"ఏ నీళ్ళు?" అన్నాడు లాచెజార్ ఆకాశం వైపు చూసి. ఎండ మండిపోతోంది. అతని ఇంజనీరింగంతా ఆ రోజు వాతావరణం మీద ఆధారపడి ఉంది.

మేయర్‌కి నీళ్ళ గొడవ పట్టలేదు. ఆయన గోడ పక్కన నిటారుగా నిలబడి, గుండెలమీద చెయ్యి అడ్డంగా పెట్టుకుని కొలత చూసుకుంటున్నాడు. "గీత ఇక్కడికి రావాలి. తిన్నగా. చుట్టూ ఇదే ఎత్తు."

"అక్కడ రోమన్లది ఒక్క గులకరాయి కూడా లేదు."

"చూడమ్మా. ప్రారంభోత్సవానికి మంత్రిగారొస్తారు. గోడ పక్కన నిలబడతారు. 'గెంచో, ఇందులో అసలైనది ఎంతవరకయ్యా?' అంటారు. 'ఇక్కడి దాకా సార్' అని గుండెమీద చెయ్యేసుకుని చూపిస్తాను, ఫొటో తీస్తారు. అంతేగానీ మంత్రిగారి ముందు వంగి మోకాలు చూపించమంటావా? నేను వంగే మనిషిలా కనిపిస్తున్నానా?"

స్తానిమిరా ఆయన పొట్ట వైపు చూసి, కనిపించడం లేదని ఒప్పుకుంది.

"మార్చను" అంది.

"మంచిది" అన్నాడు మేయర్ చాలా మర్యాదగా. "ఆ సిపాయిల గదుల దగ్గర వచ్చే వేసవిలో తవ్వాలంటున్నావు కదూ? అక్కడ బస్సులు ఆగడానికి చోటు చాలా బావుంటుందని మా వాడు అంటున్నాడు. తారు వేయిస్తే నీకూ మోకాళ్ళ నొప్పులు తగ్గుతాయి."

స్తానిమిరా మిన్కోకి తలూపింది. మిన్కో ఉలి తీసుకుని ఇటుక ముక్కలు ఊడబెరకడం మొదలుపెట్టాడు. స్తానిమిరా గట్టుమీద కూచుని చూస్తోంది.

"స్తానిమిరమ్మా, ఏడుస్తున్నావా?"

"సున్నం పడింది కంట్లో, బాబాయ్."

"మనం వాడేది సిమెంటు కదా."

"నీ పని నువ్వు చూసుకో."

"చూసుకుంటున్నా. ఇన్నేళ్ళ సర్వీసులో రోమన్లని మెడదాకా లేపినవాణ్ణి నేనే."

జూన్‌లో ప్రారంభోత్సవం. పొద్దున్నే కోట ఆవరణలో తెల్లబట్టలు కప్పిన కుర్చీలు వేశారు, బల్లలమీద జున్ను కూరిన పొరల రొట్టె, బనిత్సా, పళ్ళేలతో పెట్టారు. నడివయసు డ్రిల్లుమాస్టారు రోమన్ దళపతి సెంచూరియన్ వేషంలో తిరుగుతున్నాడు. శిరస్త్రాణం మీద ఎర్రకుచ్చు ఇంట్లో నేల తుడిచే బ్రష్షుదని చూసినవాళ్ళందరికీ తెలుస్తోంది, వాళ్ళావిడ దానికోసం వెతుకుతోందని కూడా. మేయర్ మనుషులు లారెల్ ఆకుల దండని, ప్లాస్టిక్కుదే, గేటుకి కట్టారు.

మంత్రిగారి కంటే ముందు రాజధాని సోఫియా నుంచి తనిఖీ అధికారి మర్కొవ్ దిగాడు. సన్నటి మనిషి, గొడుగు చంకలో పెట్టుకుని మాట్లాడతాడు. గోడ చుట్టూ ఒక ప్రదక్షిణ చేసి, ఎర్రగీత దగ్గర ఆగిపోయాడు.

"గీత ఇక్కడుందేమిటి?"

"అక్కడిదాకా అసలైనదే సార్" అన్నాడు మేయర్ గుండెమీద చెయ్యేసి. మంత్రిగారి కోసం వేసిన రిహార్సలు ఇక్కడ పనికొచ్చింది.

"డాన్యూబ్ పొడవునా ఇంత ఎత్తు మిగిలిన గోడ నేను చూడలేదు. ఎంత తెల్లగా ఉంది!"

"కడిగించాం."

"ఓహో." మర్కొవ్ గోటితో రాళ్ళ మధ్య సందుని గీకాడు. గోట్లోకి తెల్లటి పొడి వచ్చింది. దాన్ని ఉఫ్‌మని ఊది, కాస్త దూరంలో నిలబడ్డ స్తానిమిరా వైపు చూశాడు. చాలాసేపు చూశాడు. స్తానిమిరా తన చెప్పుల వైపు చూసుకుంది. నిజం చెప్పేద్దామనుకుంది. సిపాయిల గదులమీద పోసిన తారు కళ్ళముందు మెదిలింది. చెప్పుతో మట్టి గీకింది.

"సరే" అన్నాడు మర్కొవ్. "నేను గీతని నమ్ముతాను. అదే నా ఉద్యోగం. గీత కింద ఉన్నది రోమన్లది, జాతి ఆస్తి. ఈ క్షణం నుంచి దాంట్లో ఎవరైనా ఒక్క మేకు దిగగొట్టారంటే నేరుగా జైలుకే. సంతోషమేనా మేయర్ గారూ?"

"చాలా సంతోషం సార్!" అని మేయర్ ఆయన చెయ్యి రెండు చేతుల్తో ఊపాడు.

నది అవతల నుంచి మబ్బు బయల్దేరింది. రోమన్లు ఆ దిక్కు నుంచి వచ్చేవాటి కోసమే కాపలా కాశారు. మనవాళ్ళకి ఆ అలవాటు లేదు. చూస్తుండగానే మీద పడింది. చినుకులు కాదు, బకెట్లతో కుమ్మరించినట్టు. జనం గేటు కమానుకిందికీ బురుజులోకీ పరిగెత్తారు. నాలుగు వైపులా కొత్తగోడ, గేటు దగ్గర లాచెజార్ వేయించిన ఎత్తు వాలు. నీళ్ళు ఎటూ పోవడానికి లేక ఆవరణలోనే నిలిచిపోయాయి. చీలమండ మునిగింది. కుర్చీల తెల్లబట్టలు ఉబ్బి తేలాయి. బనిత్సా పళ్ళెం ఒకటి బల్లమీంచి దిగి, తీరిగ్గా తిరగడం మొదలుపెట్టింది.

స్తానిమిరా మాత్రం తడవకుండా ఉంది. రోమన్లు ధాన్యం చెమ్మగిల్లకుండా దిమ్మెలమీద ఎత్తుగా కట్టుకున్న గాదె అరుగు కోట మధ్యలో మిగిలింది. దానిమీద కూచుని, గొడుగేసుకుని, సంచీలోంచి పొద్దుతిరుగుడు గింజలు తీసి ఒలుచుకుంటోంది. రోమన్లకి బ్రస్సెల్స్ నుంచి డబ్బులు రాలేదు. అందుకని నీళ్ళెక్కడ నిలుస్తాయో ఆలోచించుకుని కట్టుకోవాల్సొచ్చింది పాపం.

"మిన్కో!" మేయర్ పిక్కల్లోతు నీళ్ళలో కాళ్ళీడ్చుకుంటూ వచ్చాడు. "సుత్తి తీసుకురా! గోడకి కన్నం కొట్టు! కారులో ఉన్నారట మంత్రిగారు!"

"ఎక్కడ కొట్టమంటారు?"

"ఎక్కడైనా! కింద!"

"ఆగండాగండి" అన్నాడు మర్కొవ్ కమానుకింద నుంచి. "గీత కింద ఎవరూ ముట్టుకోకూడదు. ఇందాకే అనుకున్నాం కదా."

"సార్, నీళ్ళు..."

"గీత పైన కొట్టుకోండి. నాకేం అభ్యంతరం లేదు."

"గీత నా గుండెదాకా ఉంది! నీళ్ళు కిందున్నాయి!"

మర్కొవ్ ఆకాశం వైపు చూశాడు. "వస్తాయి పైకి. కాస్త ఓపిక పట్టండి."

కమానుకింద ఎవరో కిసుక్కుమన్నారు. లాచెజార్ ధైర్యం చేసి, "సార్, కింద ఒకచోట ఉన్నది సిమెంటు సార్, పగలగొట్టొచ్చు" అన్నాడు.

"గీత కింద ఉందా ఆ సిమెంటు?"

"ఉంది సార్."

"అయితే రోమన్ సిమెంటే అయ్యుంటుంది. అది మరీ విలువైనది."

మేయర్ అల్లుడి వైపు చూసిన చూపుకి ఆ కుర్రాడి నల్లకళ్ళజోడు దానంతటదే ముక్కుమీదికి జారింది. తర్వాత మేయర్ వెనక్కి తిరిగి గాదె అరుగు దగ్గరికొచ్చాడు. కోటు ఒంటికి అతుక్కుపోయింది. జుట్టు, దువ్వి బట్టతలమీద సర్దిందంతా, ఒక చెవిమీదికి వేలాడుతోంది.

"అమ్మా స్తానిమిరా. నువ్వు చెప్పు ఆయనకి. కొత్తదని చెప్పు."

"ఏది కొత్తది మేయర్ గారూ?"

"గోడమ్మా!"

"గోడంతానా? నేను తవ్వినదీ కొత్తదేనా?"

"నువ్వు తవ్వింది కాదు, మేం కట్టింది!"

"ఎక్కడి నుంచి మీరు కట్టింది?"

మేయర్ పళ్ళు కొరికాడు. "నీకు తెలుసుగా!"

"నాకు తెలుసు. చెప్తే మీరు వద్దన్నారు. నేను గీత గీశాను, మీరు తీయించారు. ఇప్పుడు నా మాటకి విలువేముంది? మీ గీత, మీరే చెప్పండి." ఒక గింజ పొట్టు ఊదేసింది. ఇప్పుడు కాకపోతే ఆ గీత ఇక ఎప్పటికీ కిందికి దిగదని ఆవిడకి తెలుసు. నీళ్ళు ఇంకిపోయాక మేయర్ మళ్ళీ నిటారుగా నిలబడతాడు. "మిన్కో బాబాయ్ దగ్గర దారం ఉంది, మేకులున్నాయి. మీరు చెయ్యి పెట్టి చూపిస్తే అక్కడ దారం కడతాడు. ఆ దారం వెంబడే గీత. అప్పుడు తూము కొట్టుకోవచ్చు."

"నీళ్ళలో చెయ్యి పెట్టాలా?"

"గోడ అక్కడే ఉంది మరి."

మేయర్ కమాను వైపు చూశాడు. అక్కడ ఊరంతా ఉంది. గేటు అవతల దూరంగా కార్ల లైట్లు కనిపించినట్టయింది. ఆయన కోటు గుండీ విప్పాడు. ఊపిరి బిగబట్టాడు. వంగాడు.

"ఇక్కడ" అన్నాడు, మోకాలి దగ్గర.

మిన్కో మర్కొవ్ వైపు చూసి, ఆయన తలూపాక, ఆ పైన మేకు కొట్టాడు. "తర్వాత?"

"ఇక్కడ."

"ఇంకాస్త కింద" అంది స్తానిమిరా అరుగుమీంచి. "పగిలిన రాయి తగులుతుంది చూడండి."

"తగిలింది, తగిలింది!"

"దాని పక్కది?"

"అది... అది మనది."

"పెద్దగా చెప్పండి, సార్‌కి వినపడాలి."

"మనదీ!" అని అరిచాడు మేయర్ వానలో. "మేమే కట్టాం!"

అలా ఉత్తరపు గోడ పొడవునా మేయర్ గెంచో ట్రిఫొనొవ్, వంగే మనిషి కానివాడు, వంగి నడిచాడు. వెనక మిన్కో దారం లాగుతూ, "పైకి సార్, కిందికి సార్, అబ్బా ఎంత చక్కగా వంకర తిరుగుతోందో" అంటూ వచ్చాడు. డ్రిల్లుమాస్టారు జాలిపడి తన డాలు గొడుగులా పట్టాడు. అది అట్టది, కాసేపటికి మేయర్ భుజాలమీద ముద్దయి కూచుంది. తాతగారు రాళ్ళు తీసుకుపోయిన చోటికి వచ్చేసరికి దారం నేలదాకా దిగింది. అక్కడ నేల మరీ పల్లం; మేయర్ భుజందాకా చెయ్యి నీళ్ళలో పెట్టి, చెంప నీళ్ళకి ఆనించి వెతికాడు.

"పలకరాయి తగిలింది" అన్నాడు నీరసంగా. "ఇది ఒక్కటే వాళ్ళది. పైనంతా మాది."

"రాసుకున్నారా?" అని స్తానిమిరా మర్కొవ్‌ని అడిగింది.

"అక్కర్లేదమ్మా. కొందరు ఫొటోలు తీస్తున్నారు."

మిన్కో సుత్తి ఎత్తాడు. లాచెజార్ అతికించిన రాళ్ళు ఎక్కువ దెబ్బలకి ఆగలేదు; సిమెంటులో కూడా అతని చదువే ఉంది. గోడకి కన్నం పడగానే నీళ్ళు ఒక్కసారి గుటకవేసినట్టు శబ్దం చేసి అటు తిరిగాయి. కుర్చీల బట్టలు, బనిత్సా పళ్ళెం, ప్లాస్టిక్ లారెల్ దండ, డ్రిల్లుమాస్టారి భార్య బ్రష్షు, అన్నీ వరసగా పాతకాలువ పలకరాయి మీదుగా డాన్యూబ్‌కి వెళ్ళిపోయాయి. రోమన్లు పోయినా వాళ్ళ కాలువ ఇంకా వాలు మరిచిపోలేదు.

మంత్రిగారు రాలేదు. దారిలో వాగు పొంగిందని వెనక్కి తిరిగారు. గేటు దగ్గర కనిపించిన లైట్లు రొట్టెల వ్యానువి.

వెళ్ళేముందు మర్కొవ్ మేయర్‌కి తన గొడుగిచ్చాడు, ఇక అవసరం లేని సమయంలో. "వచ్చే వేసవిలో ఎక్కడ తవ్వుతున్నారు?" అని స్తానిమిరాని అడిగాడు.

"మేయర్‌గారిని అడగండి. ఆయనకే బాగా తెలుసు."

మేయర్ పళ్ళు టకటక కొట్టుకుంటున్నాయి. "సి-సిపాయిల గదులు" అన్నాడు.

మర్నాటినుంచి మిన్కో దారం వెంబడి, మిగతా మూడు వైపులా మొదటి గీత ఉన్నచోట, ఎర్ర ఇటుకలు పొదిగాడు. తూము తూములాగే ఉంచాడు. స్తానిమిరా పాత పళ్ళ బ్రష్షుతో గీతమీది మట్టి తోమింది, మోకాళ్ళమీద, ఎప్పటిలాగే.

ఆ వారం జిల్లా పత్రికలో ఫొటో వచ్చింది: నీళ్ళలో చెయ్యి పెట్టి వంగి ఉన్న మేయర్. కింద, "వానని సైతం లెక్కచేయక రోమన్ కాలువని స్వయంగా కనుగొన్న మేయర్" అని ఉంది. గెంచో దాన్ని పటం కట్టించి ఆఫీసులో పెట్టుకున్నాడు. అప్పటినుంచి ఎవరొచ్చినా కోటకి తీసుకొచ్చి, ఎర్రగీత దగ్గర అందరికంటే ముందు తనే వంగుతాడు. "ఇక్కడి దాకా అసలైనది" అంటాడు మోకాలు తట్టి. "ప్రజలకి నిజం చెప్పాలంటే నాయకుడు వంగాలండీ!" అంటాడు.

బడిపిల్లలతో పాటు వెనక నిలబడ్డ స్తానిమిరా ఆయన చెయ్యి ఎక్కడుందో మాత్రం చూస్తుంది. గీతమీదే ఉంటుంది. అది చాలనుకుని, గింజలు ఒలుచుకుంటుంది.